రాలిన ఆకుకు పాకం వాసన: కత్సురా చెట్టు పుట్టుపూర్వోత్తరాలు

కత్సురా చెట్టు ఆకుకు కొమ్మ మీద ఉన్నంతకాలం చెప్పుకోదగ్గ వాసన ఏమీ ఉండదు. వసంతంలో ఊదా ఛాయ కలిసిన రాగిరంగులో చిగురు వేస్తుంది, ఎండాకాలమంతా నీలం కలిసిన ఆకుపచ్చగా ఉంటుంది, చలి మొదలయ్యే వేళకు పసుపు, నారింజ రంగుల్లోకి తిరిగి రాలిపోతుంది. విశేషమంతా ఆ తర్వాతే. నేల మీద పడ్డ ఆకు వాడి ఎండుతూ ఉండగా చెట్టు చుట్టూ కమ్మని వాసన లేస్తుంది. అచ్చం పంచదార పాకం ముదిరి, గిన్నె అడుగంటబోయే క్షణంలో వచ్చే వాసన. పొడిగా, కాస్త ఎండగా ఉన్న శరదృతువు మధ్యాహ్నం అయితే చెట్టు కంటపడకముందే వాసన తగులుతుంది.

మల్లె వాసనకూ సంపెంగ వాసనకూ పురుగులను పిలవడమనే పని ఉంది. కత్సురా పువ్వుకు రేకులే లేవు, వాసనా లేదు. గాలే దాని పుప్పొడిని మోస్తుంది. ఇంత పరిమళం చెట్టు వదిలేసిన ఆకు నుంచి, అదీ చెట్టుకు దానితో పని తీరిపోయాక రావడం వృక్షలోకంలో అరుదైన సంగతి. దానికి కారణం మాల్టాల్ అనే పదార్థం. మొలకెత్తించిన బార్లీని వేయించినప్పుడు, రొట్టె కాల్చినప్పుడు పుట్టేదీ ఇదే. 1861లో రసాయన శాస్త్రజ్ఞులు దీన్ని మొదట వేరుచేసింది లార్చ్ అనే చెట్టు బెరడు నుంచి. ఇప్పుడు కేకులకూ బిస్కెట్లకూ కమ్మదనం పెంచడానికి దీన్ని కలుపుతారు. కాబట్టి జర్మన్లు కత్సురాను కేకు చెట్టు అని పిలవడం ఊరికే వచ్చిన మాట కాదు. కేకులో ఉన్నదే ఆకులోనూ ఉంది.

జర్మన్ల కంటే ఎంతో ముందే జపాన్ ఉత్తర ప్రాంతాల వాళ్లు ఈ వాసనను పనిలో పెట్టారు. ఆకులు ఏరి, ఎండబెట్టి, మెత్తగా పొడిచేసి, బుద్ధుడి ముందు వేసే ధూపంగా వాడుకున్నారు. అందుకే కొన్ని ఊళ్లలో దీన్ని ధూపం చెట్టనే అంటారు. గంధపు చెక్క, అగరు లాంటివి ఓడల మీద దిగుమతి అయ్యే ఖరీదైన సరుకులు. కొండపక్క పల్లెలో ఉండే బీద కుటుంబానికి ఊరి వాగు ఒడ్డునే ధూపద్రవ్యం రాలి పడి ఉండేది. పాశ్చాత్య దేశాల తోటల్లోకి ఈ చెట్టు వెళ్లినప్పుడు ఆకు అందం వెళ్లింది గానీ ఆకు వాడకం వెళ్లలేదు. అక్కడి పెరళ్లలో ఏటా బస్తాలకొద్దీ కత్సురా ఆకు ఊడ్చి పారేస్తున్నారు. ఈ చెట్టు ప్రయాణంలో జరిగిన నష్టాల్లో ఇది మొదటిది.

వృక్షశాస్త్రంలో కత్సురాది ఒంటరి కుటుంబం. సెర్సిడిఫిల్లమ్ అనే ప్రజాతి ఒక్కటే ఆ కుటుంబంలో మిగిలింది, అందులో ఉన్నవి రెండే జాతులు. ఒకటి జపాన్‌లోనూ చైనాలోనూ పెరిగే కత్సురా. రెండోది జపాన్ ప్రధాన ద్వీపం హోన్షూ ఎత్తైన కొండల్లో మాత్రమే కనిపించే పెద్దాకు కత్సురా. ఒకప్పుడు ఈ కుటుంబం ఇంత చిన్నది కాదు. ఉత్తరార్ధగోళమంతా, ఉత్తర అమెరికాలోనూ ఐరోపాలోనూ దీని పూర్వీకుల ఆకులూ కాయలూ శిలాజాలుగా దొరుకుతున్నాయి. కెనడాలోని అల్బర్టాలో రెడ్ డీర్ పట్టణం దగ్గర జోఫ్రే వంతెన పక్కన సుమారు 6 కోట్ల ఏళ్లనాటి రాతిపొరల్లో దీని దగ్గరి చుట్టం ఒకటి బయటపడింది. పీటర్ క్రేన్, రూత్ స్టాకీ అనే శాస్త్రజ్ఞులు 1985లో దాన్ని వర్ణించి జోఫ్రియా అని పేరు పెట్టారు. అక్కడ దొరికినవి ఆకులూ కాయలే కాదు. విత్తనం మొలిచి, రెండు బీజదళాలు విప్పి, తొలి ఆకులు తొడుగుతున్న లేత మొక్కలు కూడా మొలిచిన చోటే రాయిలో నిలిచిపోయి ఉన్నాయి. ఏ ఏటి వరదకో కొత్తగా పడిన ఒండ్రులో మొలిచి, మరో వరద మేటలో పూడిపోయిన నారు అది. నేటి కత్సురా విత్తనం కూడా వాగు ఒడ్డున, ఖాళీ అయిన తడి నేల మీదే బాగా మొలుస్తుంది.

ఆ తర్వాతి కోట్ల ఏళ్ల కథ చాలా వరకు తరిగిపోవడమే. వాతావరణం చల్లబడి, ఎండి, చివరికి మంచుయుగాలు వచ్చేసరికి అమెరికాలోనూ ఐరోపాలోనూ ఈ వంశం అంతరించింది. జపాన్ కొండలూ చైనా లోయలూ తేమను నిలుపుకున్నాయి కాబట్టి అక్కడ మాత్రం మిగిలింది.

రాతల్లో ఈ చెట్టు పేరు మొదట వినిపించేది దేవుళ్ల కథల్లోనే. క్రీ.శ. 712లో పూర్తయిన జపాన్ పురాణ గ్రంథం కోజికీలో హోవోరీ అనే వేటగాడైన రాకుమారుడు అన్నగారి గాలం ముల్లును సముద్రంలో పోగొట్టుకుని, దాన్ని వెతుక్కుంటూ సముద్రదేవుడి కోటకు వెళ్తాడు. కోట గుమ్మం దగ్గర బావి, బావి పక్కన కత్సురా చెట్టు. అతను చెట్టెక్కి కూర్చుంటాడు. నీళ్లకు వచ్చిన దాసి బావిలో వెలుగు చూసి తలెత్తుతుంది. అలా రాకుమార్తె తొయొతమకు కబురు వెళ్లి, పెళ్లి వరకు వస్తుంది కథ. అదే గ్రంథంలో మరోచోట ఆకాశం నుంచి దూతగా వచ్చిన నెమలికోడి కూడా వాలేది కత్సురా కొమ్మ మీదే. పైలోకం నుంచి వచ్చేవాళ్లు దిగడానికి ఎంచుకునే చెట్టు ఇది అన్న నమ్మకం అప్పటికే ఉన్నట్టుంది.

చంద్రుడిలో కనిపించే మచ్చ ఒక చెట్టు నీడ అన్న చైనా కథ కూడా జపాన్ చేరి ఈ చెట్టుకే అతుక్కుంది. చైనాలో ఆ చెట్టు వేరే. వూ గాంగ్ అనేవాడు శాపం తగిలి చంద్రుడి మీద దాన్ని గొడ్డలితో నరుకుతూనే ఉంటాడు, నరికిన గాయం వెంటనే పూడుకుపోతూనే ఉంటుంది. కథ వేరే చెట్టుది అయినా కత్సురాకు బాగా నప్పింది, ఎందుకంటే ఇది నరికితే చచ్చే చెట్టు కాదు. మొదలు నుంచి పిలకలు లేస్తాయి, నడిమి మాను పుచ్చి కూలిపోయినా చుట్టూ లేచిన మానులు వలయంగా నిలబడతాయి. జపాన్‌లో పేరున్న పాత కత్సురాలన్నీ దాదాపు ఇలాంటి గుంపులే. వాటిలో ఏ మానూ మొదటి మాను కాకపోవచ్చు, చెట్టు మాత్రం అదే.

క్యోటోలో ఏటా మే 15న జరిగే అఒయి ఉత్సవంలో ఊరేగింపు వాళ్ల టోపీలకూ ఎడ్లబండికీ అఒయి అనే చిన్న మొక్క ఆకులతో పాటు కత్సురా రెమ్మలు కూడా కడతారు. రెండూ గుండె ఆకారపు ఆకులే. షిమోగామో, కామిగామో ఆలయాల ఈ ఉత్సవం వెయ్యేళ్లు దాటినది. పరిశుభ్రంగా, ఒకే పరిమాణంలో ఉన్న రెమ్మలు అన్ని కావాలంటే చెట్లను పెంచి కాపాడుకోవాల్సిందే. ఆచారం చెట్టును బతికించిన తీరుకు ఇది మంచి ఉదాహరణ.

జపాన్ పడమటి తీరాన, ఇప్పటి షిమానే ప్రాంతంలో ఈ చెట్టుకు ఇంకో బంధం ఉంది. అక్కడి వాళ్లు ఇసుక ఇనుమును బొగ్గుతో కలిపి మట్టి కొలిమిలో కరిగించి ఉక్కు తీసేవారు. ఆ పద్ధతి పేరు తతారా. కత్తుల ఉక్కు అక్కడిదే. ఆ పని వాళ్ల దేవత కనయాగో తెల్ల కొంగ మీద ఎగిరివచ్చి, ఇజుమో కొండల్లోని నిషిహిదా దగ్గర కత్సురా చెట్టు మీద వాలిందనీ, కుక్కలతో వేటకు వచ్చిన మనిషి ఆ వెలుగును చూశాడనీ వాళ్ల కథ. అందుకే తతారా ఉన్న చోటల్లా కత్సురాను నాటి, దేవత చెట్టుగా కాపాడుకున్నారు. సుగాయా అనే పల్లెలో 1751 నుంచి 1921 దాకా పనిచేసిన కొలిమి కప్పు ఇప్పటికీ నిలిచి ఉంది, దాని ముందు పెద్ద కత్సురా ఉంది. వసంతారంభంలో చిగురు విప్పేటప్పుడు ఆ చెట్టు మొత్తం ఎర్రగా అయిపోతుంది. ఆ ఎరుపు ఉండేది సుమారు మూడు రోజులు. తతారాలో ఒక విడత కొలిమి మండేది కూడా మూడు పగళ్లు, మూడు రాత్రులు. ఈ పోలిక అక్కడి జనానికి ఎప్పటి నుంచో తెలుసు. కత్సురా చిగురు రంగును తోటల పుస్తకాలు రాగిరంగు అని ఒక్క మాటలో ముగిస్తాయి, సుగాయా వాళ్లు మాత్రం ఆ మూడు రోజుల కోసం ఏడాదంతా ఎదురుచూస్తారు.

ఉత్తరాన హొక్కైదోలో ఐనూ ప్రజలు ఈ చెట్టు మానును తొలిచి దోనెలు చేసుకునేవారు. ఐనూ భాషలో దీని పేరు రంకో. నిసెకో దగ్గరి రంకోషి పట్టణం పేరు ఆ మాట నుంచే వచ్చింది, కత్సురాలు దండిగా ఉన్న చోటని అర్థం. కలప తేలికగా, నున్నగా, చెక్కడానికి అనువుగా ఉంటుంది. కామకురాలో చెక్కపై బొమ్మలు చెక్కి లక్క పూసే శిల్పానికి ముఖ్యంగా ఈ కలపే వాడతారు. బీరువాల సొరుగులకూ, వంటింటి కోతపీటలకూ, గో ఆట బల్లలకూ ఇదే.

ఐరోపా వాళ్లకు కత్సురాను పరిచయం చేసింది డచ్చివాళ్ల కొలువులో నాగసాకి దగ్గర ఉన్న జర్మన్ వైద్యుడు సీబోల్డ్. 1846లో అతనూ, వృక్షశాస్త్రజ్ఞుడు జుకారినీ కలిసి దీని ప్రజాతికి పేరు పెట్టారు. పేరు పెట్టడం ఒకటి, చెట్టు పెరగడం ఒకటి. తోటల్లోకి కత్సురా రావడం అనే అసలు కథ ఆ తర్వాత రెండు దశాబ్దాలకు మొదలవుతుంది. అది ఈ చెట్టు చరిత్రలోకెల్లా ఉత్సాహకరమైన ఘట్టం.

థామస్ హాగ్ న్యూయార్క్ నర్సరీ కుటుంబానికి చెందినవాడు. మన్‌హాటన్ ద్వీపంలో, అప్పటికి ఇంకా పల్లెలా ఉన్న యార్క్‌విల్‌లో వాళ్ల తోట. 1862లో అధ్యక్షుడు లింకన్ అతన్ని జపాన్‌లో అమెరికా మార్షల్‌గా నియమించాడు. ఆనాడు విదేశీయుల తగవులను వాళ్ల దేశపు కాన్సులర్ కోర్టులే తీర్చేవి, ఆ కోర్టుల ఆజ్ఞలు అమలుచేయడం మార్షల్ పని. జపాన్ రేవులు తెరిచి కొద్ది ఏళ్లే అయింది, విదేశీయులు తిరగగలిగిన మేర చాలా తక్కువ. అమెరికాలో అంతర్యుద్ధం సాగుతోంది. అయినా హాగ్ తీరిక దొరికినప్పుడల్లా గుడి తోటలూ నర్సరీలూ తిరిగి మొక్కలూ విత్తనాలూ సేకరించి సోదరుడు జేమ్స్‌కు పంపేవాడు. 1865లో వచ్చిన కత్సురా విత్తనమే అమెరికా తోటల్లో ఈ చెట్టుకు ఆరంభం. మొక్కలను ఓడ మీద నెలల తరబడి బతికించడానికి గాజు పెట్టెలు కావాలి, ఉప్పుగాలి తగలకూడదు. కత్సురా విత్తనానికి ఆ బాధ లేదు. వంపు తిరిగిన సన్నని కాయలో, రెక్క అతుక్కున్న పలుచని విత్తనాలు. ఒక ఉత్తరం కవరులో వందల చెట్లు సముద్రం దాటగలవు.

హాగ్ పంపినవి దక్షిణాది తోటల విత్తనాలు కావచ్చు, వేరే చోటివి కావచ్చు. న్యూ ఇంగ్లండ్ చలికి తట్టుకునే వంశం కోసం చూపు ఉత్తరానికి తిరగాలి. అది ఇంకొక దశాబ్దానికి జరిగింది. మసాచుసెట్స్ వ్యవసాయ కళాశాల అధ్యక్షుడు విలియం స్మిత్ క్లార్క్ రసాయన శాస్త్రం చదివినవాడు, అంతర్యుద్ధంలో కల్నల్‌గా పోరాడినవాడు. జపాన్ ప్రభుత్వం కోరిక మీద 1876లో హొక్కైదోకు వెళ్లి సప్పొరో వ్యవసాయ కళాశాలను ఆరంభించాడు. ఇప్పటి హొక్కైదో విశ్వవిద్యాలయానికి అదే మూలం. ఉన్నది ఎనిమిది నెలలే. ఆ కొద్ది కాలంలోనే విద్యార్థుల మీద ఎంత ముద్ర వేశాడంటే నేటికీ జపాన్‌లో బడిపిల్లలకు కూడా అతని పేరు తెలుసు. సప్పొరో చుట్టూ అప్పటికి గొడ్డలి తగలని అడవి. అందులో కత్సురాలు ఆకాశాన్నంటుతూ ఉండేవి. క్లార్క్ ద్వారా సప్పొరో నుంచి వచ్చిన విత్తనాలతో బోస్టన్‌లోని ఆర్నాల్డ్ అర్బొరీటం అనే వృక్షోద్యానంలో 1870ల చివర్లో మొలకెత్తిన చెట్లు అమెరికాలోని అతి పాత కత్సురాల్లో ఉన్నాయి.

ఆ అర్బొరీటం 1872లో ఏర్పడింది. తొలి సంచాలకుడు చార్లెస్ స్ప్రేగ్ సార్జెంట్. విత్తనాల నుంచి లేచిన కత్సురాలు పదేళ్లు దాటాయి. 1892లో అతను స్వయంగా జపాన్ వెళ్లాడు. హొక్కైదోలో అతనికి తోడు మియాబే కింగో. సప్పొరో కళాశాల రెండో తరగతి విద్యార్థి, తర్వాత హార్వర్డ్‌లో చదివి వచ్చిన వృక్షశాస్త్రజ్ఞుడు. క్లార్క్ పెట్టిన బడిలో చదివిన జపాన్ వాడు, క్లార్క్ విత్తనాలను పెంచిన అమెరికా వాడు కలిసి అదే అడవిలో తిరిగారు. బోస్టన్‌లో ఒద్దికైన తోటచెట్టుగా ఎదుగుతున్నది, ఇక్కడ ఒకే మొదలు నుంచి గుంపుగా లేచిన మానులతో జపాన్ ఆకురాల్చే చెట్లలోకెల్లా భారీదిగా సార్జెంట్‌కు కనిపించింది. అతను తన పత్రిక గార్డెన్ అండ్ ఫారెస్ట్‌లో వరసగా రాసిన వ్యాసాలు 1894లో జపాన్ అరణ్యవృక్షాల పుస్తకంగా వచ్చాయి. తోటల వాళ్లకు ఈ చెట్టు మీద మోజు పెరగడానికి ఆ రాతలు చాలా వరకు కారణం.

ఇందులో ఇంకొక అందం ఉంది. జపాన్ మొక్కలకూ తూర్పు అమెరికా మొక్కలకూ దగ్గరి చుట్టరికం ఉందని, ఒకే పురాతన అడవి రెండు వైపులా మిగలడమే అందుకు కారణమని హార్వర్డ్ ఆచార్యుడు ఏసా గ్రే 1859లోనే వాదించాడు. కత్సురా విషయంలో ఆ చుట్టరికం తెగిపోయింది, అమెరికా శాఖ నశించింది. ఓరెగన్‌లోని జాన్ డే శిలాజ క్షేత్రంలో సుమారు 3.3 కోట్ల ఏళ్లనాటి కత్సురా ఆకులు రాళ్లలో ఉన్నాయి. అంటే హాగ్ పంపిన విత్తనం పరదేశి కాదు, తన తాతల నేలకే తిరిగి వచ్చింది.

చైనా కత్సురాల మాట ఇరవయ్యో శతాబ్దపు మొదట్లో ఆంగ్లేయుడు ఎర్నెస్ట్ విల్సన్ ద్వారా లోకానికి తెలిసింది. అక్కడి వెడల్పాకు, ఆకురాల్చే చెట్లలో ఇంత పెద్దది లేదని అతను రాశాడు. పశ్చిమ చైనాలో అతను చూసిన కొన్ని మహావృక్షాలు అప్పటికే శిథిలాలు. ఇప్పుడు చైనాలో దీనికి ప్రభుత్వ రక్షణ ఉంది. హొక్కైదోలో సార్జెంట్ చూసిన అడవి మాత్రం మిగల్లేదు. పల్లెలూ పొలాలూ రంపపు మిల్లులూ దాన్ని చాలా వరకు మింగేశాయి. దోనె తొలిచేంత మాను దొరకాలంటే ఇప్పుడు గాలించాలి. ఐనూల దోనెల పని తగ్గిపోవడంలో మిగతా అణచివేతలతో పాటు ఈ చెట్ల కొరతా ఒక భాగం కావచ్చు.

తోటల్లో జరిగిన నష్టం ఇంకో రకం. కత్సురా స్వభావం గుంపుగా లేవడం. నర్సరీలు మాత్రం పిలకలన్నీ కోసేసి ఒంటిమానుగా తయారుచేసి అమ్ముతాయి, వీధి పక్కకు అదే వీలు అని. ఒంటిమాను కత్సురా చక్కగా, గోపురంలా పెరుగుతుంది, కాదనలేం. కానీ కోట్ల ఏళ్లు దాన్ని బతికించిన బలం మొదట్లోని పిలకల్లో ఉంది. పెరట్లో చోటున్న ఇంట్లో రెండు మూడు పిలకలనైనా వదిలెయ్యడం చెట్టుకు న్యాయం.

పెంచేవాళ్లు మొదట చూసుకోవాల్సింది నీరు. కత్సురా వాగు ఒడ్డు చెట్టు. వేళ్లు పైపైనే పరుచుకుంటాయి, ఎండాకాలంలో నాలుగు వారాలు వాన లేకపోతే ఆకు అంచులు మాడి, ఆగస్టులోనే రాలిపోతాయి. నాటిన తొలి మూడు నాలుగేళ్లు వారం వారం లోతుగా తడపాలి, పాదు చుట్టూ బెరడు ముక్కలో ఎండాకులో కప్పి ఉంచాలి. నేల ఆమ్లగుణంతో, తేమ నిలుపుకునేదిగా, నీరు నిలవనిదిగా ఉండాలి. ఆమ్లపు నేలలో శరత్కాలపు రంగు బాగా తేలుతుంది. మట్టిగడ్డతో తవ్విన మొక్కను వసంతారంభంలో నాటడం మేలు. చలికి భయం లేదు, మైనస్ 25 డిగ్రీలు తట్టుకుంటుంది. చిగురు తొందరగా వేయడమే దీని బలహీనత. ఏప్రిల్ చివరి మంచు ఆ చిగురును కాల్చేస్తుంది, చెట్టు కొద్ది వారాల్లో మళ్లీ చిగురిస్తుంది. పురుగూ తెగులూ తక్కువ. తోటలో 12 నుంచి 18 మీటర్లు ఎదుగుతుంది కాబట్టి గోడకు చాలా దూరంగా నాటాలి. ఆంధ్ర, తెలంగాణల వేడికీ చలికాలం లేని నేలకూ ఇది రాదు. న్యూజెర్సీ, మసాచుసెట్స్ లాంటి చోట్ల స్థిరపడ్డ తెలుగు ఇళ్ల పెరట్లలో మాత్రం హాయిగా పెరుగుతుంది.

ఆడ, మగ చెట్లు వేరువేరు. మగచెట్టు ఆకు రాకముందే ఎర్రని కేసరాలతో మెరుస్తుంది, ఆడచెట్టుకు కాయ గుత్తులు పడతాయి. విత్తనం నుంచి పెంచితే ఏదో తెలియడానికి ఏళ్లు పడుతుంది. విత్తనాలను మెత్తని తడిమట్టి మీద చల్లి, పైన మట్టి దాదాపు వేయకుండా ఉంచితే మొలుస్తాయి.

చోటు చాలని వాళ్లకు వాలు కొమ్మల రకాలు ఉన్నాయి. వాటి మూలం ఉత్తర జపాన్‌లోని మొరియోకా. హయాచినే కొండలో, జపాన్ చరిత్రలో ఎదో అనే యుగంలో దొరికిన చెట్టును రియూగెన్‌జి ఆలయంలో నాటారని చెబుతారు, ఆ వాలు కత్సురాలను జపాన్ జాతీయ ప్రకృతి స్మారకాలుగా ప్రకటించింది. అమెరికాలో కెంటకీ నర్సరీ యజమాని థియొడోర్ క్లైన్ ఎంపిక చేసిన అమేజింగ్ గ్రేస్ అనే రకం ఆ తరహాదే. ఊదారంగు ఆకుల రోట్‌ఫుక్స్ అనేది నిటారుగా సన్నగా పెరుగుతుంది. ఇలాంటివన్నీ అంటుకట్టిన మొక్కలు, అంటు కింద నుంచి వచ్చే పిలకలు మామూలు కత్సురావి కాబట్టి వీటికి మాత్రం కోసెయ్యాల్సిందే. వాలు రకం నాటిన తొలి ఏళ్లలో నడిమి కొమ్మను కర్రకు కట్టి కావలసిన ఎత్తు వరకు లేపితే, ఆ తర్వాత కొమ్మలు వాటంతట అవే కిందికి దిగుతాయి.